హైఫా దాడి 1918: హైదరాబాద్ లాన్సర్లు, కార్మెల్ కొండ, మీ ముత్తాతగారి మెడల్

మీ ప్రశ్న క్లుప్తంగా ఇది. మీ ముత్తాతగారు నిజాం లాన్సర్లలో, అంటే బల్లేలు పట్టే గుర్రపు దళంలో, సవారుగా పనిచేశారని ఇంట్లో చెప్పుకుంటారు. 1918లో, ఇప్పటి ఇజ్రాయెల్‌లోని హైఫా రేవు పట్టణాన్ని "హైదరాబాద్ గుర్రపు దళం వట్టి బల్లేలతో గెలిచింది" అని మీకు ఒక వాట్సాప్ ఫార్వర్డ్ వచ్చింది. అది నిజమా, కొండ మీద మెషిన్ గన్లు పెట్టుకున్నవాళ్ల మీదికి గుర్రాలతో వెళ్లి ఎలా గెలవగలిగారు, మీ ముత్తాతగారు అందులో ఉన్నారో లేదో ఎలా తెలుసుకోవాలి అని అడిగారు.

ముందు సమాధానం చెప్పేస్తాను. దాడి నిజం. మొదటి ప్రపంచ యుద్ధంలో, 1918 సెప్టెంబర్ 23న ఆ ఊరిని గెలిచింది జోధ్‌పూర్ లాన్సర్లు, మైసూర్ లాన్సర్లు. హైదరాబాద్ లాన్సర్లు అదే బ్రిగేడ్‌లోని మూడో రెజిమెంట్, కానీ ఆ దాడిలో వాళ్లు లేరు. పట్టుబడ్డ ఖైదీలను చూసుకునే పని వాళ్లకు అప్పగించారు. "వట్టి బల్లేలతో" అన్నది కూడా సగం మాటే. ఫిరంగుల అండ ఉంది, మెషిన్ గన్ల అండ ఉంది. వీటన్నిటికంటే ముఖ్యంగా, కార్మెల్ కొండ మీదున్న ఫిరంగుల దగ్గరికి కొందరిని వేరే దారిన పైకి పంపారు. నా దృష్టిలో ఆ రోజు విజయానికి మూలం అదే.

నేను ఆర్మర్డ్ రెజిమెంట్‌లో పనిచేసి రిటైరయ్యాను. సర్వీసులో చాలా కాలం యువ ఆఫీసర్లకు నేలను చదవడం నేర్పాను. శాండ్ మోడల్ (ఇసుకతో చేసిన నేల నమూనా) మీద పాత యుద్ధాలు వేసి, "నువ్వైతే ఏం చేస్తావు" అని అడగడం నా పని. హైఫా నాకు ఇష్టమైన పాఠం. రిటైరయ్యాక అక్కడికి వెళ్లి ఆ కొండ వెన్ను మీద నడిచాను కూడా. అందుకే కొంచెం పొడుగ్గా రాస్తున్నాను.

ముందు కొండని చూడండి

కార్మెల్ విడిగా నిలబడ్డ ఒక్క కొండ కాదు, పొడవాటి కొండ వరస. ఆగ్నేయం నుంచి వాయవ్యానికి సాగి, చివరికి సముద్రంలోకి ముక్కులా పొడుచుకు వస్తుంది. ఎత్తైన చోట 546 మీటర్లు. ఆ ముక్కు కిందనే హైఫా ఊరు, రేవు. విశాఖలో డాల్ఫిన్స్ నోస్ మీద నిలబడినవాళ్లకి ఈ సంగతి వేరే చెప్పక్కర్లేదు, రేవులోకి వచ్చే ఓడ ప్రతిదీ పై నుంచి కనిపిస్తుంది. హైఫాలో దీనికి ఇంకొకటి తోడైంది. లోపలి మైదానం నుంచి ఊళ్లోకి వచ్చే దారి, రైలు పట్టాలు రెండూ కొండ పాదాన్ని ఒరుసుకుంటూనే రావాలి. ఎందుకంటే కొండకి సమాంతరంగా అవతలి పక్క కీషోన్ అనే ఏరు పారుతుంది. దాని గట్లు మెత్తటి నేల, కొన్నిచోట్ల ఊబి. ఏరు దాటితే చిత్తడి, ఇసుక దిబ్బలు, ఆపైన సముద్రం.

అంటే ఊరిని పట్టుకోవాలని వచ్చేవాడికి మిగిలేది కొండకీ ఏటికీ మధ్యనున్న సన్నటి పట్టీ ఒక్కటే. ఆ పట్టీ మొత్తం పై నుంచి కాల్పుల పరిధిలో ఉంటుంది. కాపలా ఉన్నవాడికి ఇంతకంటే మంచి నేల అరుదుగా దొరుకుతుంది.

ఆ కొండ వరస గురించి యుద్ధ చరిత్రలో చాలా పాత కథలున్నాయి. ఈజిప్టు రాజు మూడో తుత్‌మోస్, క్రీస్తుకు పూర్వం 15వ శతాబ్దంలో, శత్రువు ఊహించని ఇరుకు కనుమ గుండా ఆ వరసని దాటి మెగిద్దో పట్టణం ముందు తేలాడు. 1918లో బ్రిటిష్ సేనాపతి అలెన్‌బీ అశ్వదళం దాటిందీ ఆ కనుమల్లోంచే. 1799లో నెపోలియన్ హైఫాని పట్టుకుని, అఖాతానికి అవతలి ఒడ్డునున్న అక్కా కోటని ముట్టడించాడు. మార్చి నుంచి మే దాకా ప్రయత్నించి, చేతకాక వెనుదిరిగాడు. గాయపడ్డ ఫ్రెంచి సైనికులను కార్మెల్ మీది మఠంలో ఉంచారు. సైన్యం వెళ్లిపోయాక వాళ్లని చంపేశారు. ఇవాళ్టికీ స్టెల్లా మారిస్ మఠం ముందు వాళ్ల గుర్తుగా చిన్న పిరమిడ్ ఉంది.

1918 సెప్టెంబర్‌లో హైఫా ఎందుకు కావలసి వచ్చింది

సెప్టెంబర్ 19న అలెన్‌బీ సైన్యం తీరం వెంబడి ఒట్టోమన్ (టర్కీ సామ్రాజ్య) రక్షణ రేఖని చీల్చింది. ఆ సందులోంచి షోవెల్ నాయకత్వంలోని డెజర్ట్ మౌంటెడ్ కోర్ దూసుకుపోయి, రెండు రోజుల్లో నజరేతు, అఫూలా దాకా చేరింది. అందులో నాలుగో, ఐదో అశ్వదళ డివిజన్లలో ఎక్కువమంది భారతీయులే. ఒట్టోమన్ ఏడో, ఎనిమిదో సైన్యాలు చెల్లాచెదురయ్యాయి. తర్వాతి గురి డమాస్కస్.

కానీ గుర్రాలకు దాణా కావాలి, మనుషులకు రొట్టె కావాలి, లారీలకు పెట్రోలు కావాలి. దక్షిణం నుంచి రోడ్డు మీద అంత దూరం మోయడం కష్టం. హైఫా రేవు చేతికొస్తే ఓడల్లో తెప్పించుకోవచ్చు. పైగా హైఫా నుంచి అఫూలా మీదుగా సిరియాలోని దెరా దాకా హిజాజ్ రైల్వే బ్రాంచి లైను 1905 నుంచే ఉంది. రేవు, రైలు రెండూ ఒకేచోట దొరుకుతాయి. కాబట్టి హైఫా, అక్కా రెండింటినీ పట్టుకోమని మేజర్ జనరల్ మెకాండ్రూ నడుపుతున్న ఐదో అశ్వదళ డివిజన్‌కి ఆదేశం వచ్చింది.

ఇక్కడ ఒక పొరపాటు జరిగింది. దాన్ని నేను క్లాసులో తప్పకుండా చెప్పేవాణ్ని. హైఫా ఖాళీ అయిపోయిందని విమానాల నుంచి కబురు వచ్చింది. దాన్ని నమ్మి 22న సాయుధ కార్లు, తేలిక కార్లతో ఒక చిన్న దళాన్ని ఊరు స్వాధీనం చేసుకోమని పంపారు. కార్మెల్ వాలు మీద నుంచి ఫిరంగులు, మెషిన్ గన్లు కాల్చేసరికి ఆ దళం వెనక్కి రావలసి వచ్చింది. కార్లు రోడ్డు దిగలేవు, రోడ్డేమో కొండ కిందే ఉంది. ఊరు ఖాళీ కాలేదని, కొండ అసలే ఖాళీ కాలేదని అలా తేలింది. మర్నాడు గుర్రాల వంతు వచ్చింది.

ఆ రోజు జరిగింది

23న తెల్లవారకముందే డివిజన్ బయలుదేరింది. 13వ బ్రిగేడ్ అక్కా వైపు వెళ్లి దాన్ని పెద్ద కష్టం లేకుండా తీసుకుంది. హైఫా వైపు బ్రిగేడియర్ జనరల్ హార్బర్డ్ నడిపిన 15వ ఇంపీరియల్ సర్వీస్ అశ్వదళ బ్రిగేడ్ వెళ్లింది. ఇది మన సంస్థానాల బ్రిగేడ్. ఉదయం 10 గంటల ప్రాంతంలో, కొండ పాదాన ఉన్న బలద్ అల్ షేక్ అనే పల్లె దగ్గర, ముందు నడుస్తున్న మైసూర్ లాన్సర్ల మీద కార్మెల్ పై నుంచి ఫిరంగులు మొదలయ్యాయి. కొండ దిగువ వాలులోనూ, ఏటి వైపూ మెషిన్ గన్లు ఉన్నాయి. ఎదురుగా ఉన్నవాళ్లలో టర్కీ వాళ్లతో పాటు జర్మన్లు, ఆస్ట్రియన్ ఫిరంగి దళం వాళ్లు కూడా ఉన్నారు.

ఇక్కడ శాండ్ మోడల్ ఆపి కుర్రాళ్లని అడిగేవాణ్ని, "ఇప్పుడు ఏం చేస్తావు?" అని. పదిమందిలో ఎనిమిదిమంది చెప్పేది ఒకటే: వేగంగా రోడ్డు మీదే దూసుకుపోతాం సార్. "మరి పైనున్న ఫిరంగి సంగతేంటి?" అంటే నిశ్శబ్దం.

హార్బర్డ్ తొందరపడలేదు. మైసూర్ లాన్సర్లలో ఒక స్క్వాడ్రన్‌ని (రెజిమెంట్‌లో ఒక భాగాన్ని) వేరు చేసి, నిటారైన కాలిబాట గుండా కార్మెల్ ఎక్కించాడు. కొండ వెన్ను మీదుగా వెళ్లి పైనున్న ఫిరంగులను పట్టుకోమని ఆజ్ఞ. వాళ్లకు బలంగా 14వ బ్రిగేడ్‌కి చెందిన షెర్వుడ్ రేంజర్స్ అనే బ్రిటిష్ గుర్రపు రెజిమెంట్ స్క్వాడ్రన్ ఒకటి వెనక ఎక్కింది. మిగిలిన మైసూర్ వాళ్లు, మెషిన్ గన్ స్క్వాడ్రన్ కింద నుంచి కాల్పుల అండ ఇవ్వాలి. ఆనరబుల్ ఆర్టిలరీ కంపెనీ వారి 'బి' బ్యాటరీ ఫిరంగులు వెనక నుంచి కాల్చాలి. జోధ్‌పూర్ లాన్సర్లు అసలు దాడి చెయ్యాలి. మధ్యాహ్నం 2 గంటలకి సమయం పెట్టుకున్నారు. పది గంటలకి మొదలైన ఘర్షణకి రెండింటి దాకా ఆగారు. ఈ నాలుగు గంటల ఓపిక గురించి ఏ ఫార్వర్డ్‌లోనూ ఉండదు.

రెండింటికి జోధ్‌పూర్ సవార్లు కదిలారు. అక్కా వైపు వెళ్లే రైలు పట్టాలు దాటగానే కాల్పులు ముంచెత్తాయి. ఏరు దాటి కుడి నుంచి వెళ్దామన్నది మొదటి ఆలోచన. గట్టు దగ్గర ముందు వెళ్లిన గుర్రాలు ఊబిలో దిగబడిపోయాయి. ఆ క్షణంలో ఆగి నిలబడితే మొత్తం రెజిమెంట్ అక్కడే తుడిచిపెట్టుకుపోయేది. వాళ్లు ఆగలేదు. ఎడమకి తిరిగారు. అంటే ఏటికి దూరంగా, కొండ వైపుకి, మెషిన్ గన్లు కాలుస్తున్న ఆ దిగువ వాలు మీదికే. అక్కడున్న గన్లను బల్లేలతో, కత్తులతో పట్టుకుని దారి తెరిచారు. వెనకవాళ్లు ఆ సందులోంచి ఊళ్లోకి దూసుకెళ్లారు. దాడికి ముందు నిలిచిన మేజర్ దల్పత్ సింగ్‌కి తూటా తగిలింది, ఆయన ప్రాణాలు కోల్పోయారు. అదే ఏడాది జులైలో జోర్డాన్ లోయలో చూపిన తెగువకి మిలిటరీ క్రాస్ అనే బ్రిటిష్ శౌర్య పతకం పొందిన ఆఫీసర్ ఆయన. అప్పటిదాకా కాల్పుల అండ ఇచ్చిన మైసూర్ సవార్లు కూడా గుర్రాలెక్కి వాళ్ల వెనకే ఊళ్లోకి వచ్చారు.

పైన కొండ మీద అదే మధ్యాహ్నం మైసూర్ స్క్వాడ్రన్ తన పని పూర్తి చేసింది. ఈ భాగం చాలామందికి తెలియదు. రాళ్ల దారిలో గుర్రాలు ఒక్కొక్కటీ కుంటిపడ్డాయి. దారిలో కాల్పుల అండ కోసం కొందరిని దించి వెళ్లవలసి వచ్చింది. చివరికి ఫిరంగుల మీదికి గుర్రం మీద వెళ్లింది గుప్పెడుమందే. ఆ గుప్పెడుమందే ఫిరంగులను పట్టుకున్నారు. ఓడల మీద వాడే 6 అంగుళాల పెద్ద ఫిరంగి కూడా అందులో ఉంది.

సాయంత్రానికి లెక్క: 1,350 మంది బందీలు, 17 ఫిరంగులు, 11 మెషిన్ గన్లు. మన వైపు 8 మంది మృతి, 34 మందికి గాయాలు. గుర్రాలు 60 చనిపోయాయి, 83 గాయపడ్డాయి. ఫార్వర్డ్‌లలో వందల్లో మృతులని రాస్తారు. ఆ అంకెలు నమ్మకండి. ప్రాణనష్టం ఎక్కువ చేసి చెబితే వాళ్ల గౌరవం పెరగదు. ఇంత తక్కువ నష్టంతో ఇంత బలమైన చోటుని గెలవడమే వాళ్ల గొప్పతనం.

మెషిన్ గన్లు ఎందుకు ఆపలేకపోయాయి

మీ అసలు సందేహం ఇదే అనుకుంటాను. ఫ్రాన్స్‌లో అదే యుద్ధంలో మెషిన్ గన్ల ముందు వేలమంది నేలకూలారు కదా, ఇక్కడ గుర్రాలు ఎలా దాటాయి?

మొదటిది, ముళ్లకంచె లేదు. ఫ్రాన్స్‌లో మనిషిని ఆపింది కంచె, చంపింది మెషిన్ గన్. కంచె లేకపోతే గన్నుకి దొరికే సమయం చాలా తక్కువ. గుర్రం దౌడు తీస్తే నిమిషానికి 400 మీటర్ల పైనే పోతుంది. ఎదురుగా ఉన్న గన్నర్ దూరం సరిచూసుకుని మళ్లీ గురి పెట్టేలోపే దూరం మారిపోతుంది. కంగారులో తూటాలు తలల మీదుగా పోతాయి.

రెండోది నేల. దీన్ని కొంచెం వివరంగా చెప్తాను. మెషిన్ గన్ నిజంగా భయంకరంగా పనిచేసేది చదునైన నేల మీద. తూటాలు నడుము ఎత్తులో, నేలకి సమాంతరంగా చాలా దూరం పోతాయి. దారిలో ఎవరున్నా తగులుతుంది. అదే గన్నుని ఎత్తులో పెట్టి కిందికి కాలిస్తే తూటాలు ఏటవాలుగా వచ్చి ఒకచోట నేలలో దిగుతాయి. ఆ ఒక్క చోట మాత్రమే ప్రమాదం. దాన్ని దాటేస్తే చాలు. పైగా కొండ వాలు సాధారణంగా మధ్యలో ఉబ్బెత్తుగా ఉంటుంది. పైనున్నవాడికి దూరపు మైదానం బాగా కనిపిస్తుంది, సరిగ్గా తన కాళ్ల కింద ఉన్న పాదం కనిపించదు. దాన్నే సైన్యంలో డెడ్ గ్రౌండ్ అంటాం. నేను కార్మెల్ పై నుంచి చూసినప్పుడు ఇది కళ్లారా చూశాను. అఖాతం అవతల అక్కా దాకా స్పష్టంగా ఉంది, కొండ అడుగున ఉన్న రోడ్డు మాత్రం చాలాచోట్ల కనబడకుండా పోతోంది. ఇప్పుడు అంతా ఇళ్లు కట్టేశారు, అయినా వాలు ఆకారం మారదు కదా.

అందుకే జోధ్‌పూర్ వాళ్లు ఎడమకి, శత్రువు వైపుకే తిరగడం చూడటానికి పిచ్చిసాహసంలా కనిపించినా, ఆ నేల మీద అదే సరైన మలుపు. కొండకి దగ్గరవుతున్నకొద్దీ పైనున్న గన్లకి వాళ్లు దొరకడం కష్టమవుతుంది. మిగిలేది దిగువ వాలు మీది గన్లే, వాటి మీదికి వాళ్లు నేరుగా వెళ్తున్నారు. ఇది నా విశ్లేషణ. ఆ క్షణంలో వాళ్లు ఇలా లెక్కలు వేసుకున్నారని అనను. నేలతో ఏళ్ల తరబడి మెలిగిన సవారుకి ఇది ఒంట్లోనే ఉంటుంది.

మూడోది, అండ. ఫిరంగులు, మెషిన్ గన్లు, పైకి ఎక్కినవాళ్లు, అందరూ ఒకేసారి ఒత్తిడి పెట్టారు. కాపలా ఉన్నవాళ్ల చూపు మూడు వైపులకి చీలింది.

నాలుగోది, ఎదుటివాళ్ల పరిస్థితి. నాలుగు రోజుల క్రితం వెనకున్న సైన్యాలు కూలిపోయాయి. సాయం వచ్చే ఆశ లేదు. వాళ్లు గంటల తరబడి గట్టిగా పోరాడారన్నది నిజమే, కానీ సవార్లు ఊళ్లోకి వచ్చాక ఇంకా ఎవరి కోసం నిలబడాలి? 1,350 మంది లొంగిపోవడానికి అది కూడా కారణం.

గుర్రాల గురించి ఒక్క మాట. మృతుల్లో మనుషులు 8, గుర్రాలు 60. తూటా తగిలిన గుర్రం వెంటనే పడిపోదు, చాలాసార్లు దౌడు పూర్తయ్యాకే కూలుతుంది. సవారుని గన్ దాకా చేర్చి చచ్చిపోయిన గుర్రాలు అందులో ఎన్నో. అవి అంతకు ముందు నాలుగు రోజులుగా సరైన మేత, నీళ్లు లేకుండా నడిచిన గుర్రాలు. ఈ లెక్క చెప్పినప్పుడల్లా నాకు గొంతు పట్టేస్తుంది.

మరి హైదరాబాద్ లాన్సర్ల పాత్ర?

ఆ దాడిలో లేరన్నంత మాత్రాన వాళ్లది చిన్న పాత్ర అనుకోకండి. ఇంపీరియల్ సర్వీస్ దళాలు అన్న ఏర్పాటు 1889 నుంచి ఉంది. సంస్థానాధీశులు తమ ఖర్చుతో దళాలను పోషిస్తారు, యుద్ధమొస్తే అవి బ్రిటిష్ వాళ్ల కింద పనిచేస్తాయి. దానికి రెండేళ్ల ముందు, 1887లో, ఆరో నిజాం మహబూబ్ అలీ ఖాన్ వాయవ్య సరిహద్దు రక్షణ కోసం 60 లక్షల రూపాయలు ఇస్తానన్నారు. ఆ ఏర్పాటుకి ఊపొచ్చింది అలాంటి మాటల నుంచే.

1914 చివర్లో హైదరాబాద్, మైసూర్ సవార్లు ఈజిప్టు చేరారు. 1915 ఫిబ్రవరిలో ఒట్టోమన్ సైన్యం సూయజ్ కాలువ మీదికి వచ్చినప్పుడు కాలువని కాపాడిన బలగాల్లో ఈ బ్రిగేడ్ ఉంది. ఆ తర్వాత సైనై ఎడారి, పాలస్తీనా. జోధ్‌పూర్ వాళ్లు అప్పటికి ఫ్రాన్స్‌లో ఉన్నారు, 1918లో వచ్చి కలిశారు. అంటే మీ ముత్తాతగారు మొదటి నుంచీ ఉండి ఉంటే నాలుగేళ్లు ఎడారిలో గడిపారన్నమాట. ఒక్క మధ్యాహ్నం కంటే అది పెద్ద సేవ.

ఖైదీల బాధ్యత అంటే కూడా తేలిక అనుకోవద్దు. ఆ వారంలో పట్టుబడ్డవాళ్లు వేలల్లో ఉన్నారు. వాళ్లకి నీళ్లు లేవు, చాలామందికి జబ్బులు. కొద్దిమంది సవార్లతో వాళ్లని చెదరకుండా, చావకుండా వెనక్కి నడిపించాలి. అది తప్పిపోతే దాడి చేసే దళానికి వెనక భద్రత ఉండదు. ఇలాంటి పని చేసిన రెజిమెంట్‌కి శౌర్య పతకాలు రావు, పాటలు కట్టరు. పని మాత్రం జరగాల్సిందే.

ఢిల్లీలో తీన్ మూర్తి దగ్గర నిలబడ్డ మూడు కంచు సవార్ల విగ్రహాలు హైదరాబాద్, జోధ్‌పూర్, మైసూర్ లాన్సర్లవే. 1922లో పెట్టారు, శిల్పి లెనార్డ్ జెన్నింగ్స్. ఫార్వర్డ్‌లు పుట్టింది బహుశా దీన్నుంచే. మూడు విగ్రహాలున్నాయి కాబట్టి మూడు రెజిమెంట్లూ హైఫా మీద దాడి చేశాయని అనుకుంటారు. ఆ స్మారకం హైఫా ఒక్కదానికే కాదు, సైనై, పాలస్తీనా, సిరియాల్లో చనిపోయిన ఆ బ్రిగేడ్ వాళ్లందరిదీ. 2018 జనవరిలో ఆ కూడలికి తీన్ మూర్తి హైఫా చౌక్ అని పేరు మార్చాక అపోహ ఇంకా గట్టిపడింది.

ఫార్వర్డ్‌లలో కనిపించే మరో రెండు మాటలు

"మన సైనికులు ఇజ్రాయెల్‌కి స్వాతంత్ర్యం తెచ్చారు" అంటారు. 1918లో ఇజ్రాయెల్ అనే దేశం లేదు. అది నాలుగు వందల ఏళ్లుగా ఒట్టోమన్ల కింద ఉన్న పాలస్తీనా. మనవాళ్లు పోరాడింది బ్రిటిష్ సామ్రాజ్యం తరఫున. తర్వాత అక్కడ బ్రిటిష్ పాలన వచ్చింది, 1948లో ఇజ్రాయెల్ ఏర్పడింది. సవార్లకి ఆ రాజకీయాలతో సంబంధం లేదు, వాళ్ల పేరు మీద ఎవరి వాదనా రాయకూడదని నా అభిప్రాయం.

"ప్రపంచంలో చివరి అశ్వదళ దాడి" అని ఇంకోటి. కాదు. 1942 ఆగస్టులో రష్యాలో ఇటలీ సవార్లు కత్తులు దూసి దాడి చేశారు. బలమైన రక్షణ ఉన్న ఒక పట్టణాన్ని గుర్రం మీద దాడితో గెలవడం మాత్రం అరుదు. అంతవరకే చెప్పుకుంటే సరిపోతుంది.

1918 తర్వాత ఆ కొండ

కథ అక్కడితో ఆగలేదు. బ్రిటిష్ వాళ్లు 1933లో ఆధునిక రేవు తెరిచారు, ఇరాక్‌లోని కిర్కుక్ నుంచి చమురు గొట్టాలు 1935 నాటికి హైఫాకి చేరాయి. అంటే కొండ కింద ఇప్పుడు చమురు కూడా ఉంది. 1940లో ఇటలీ విమానాలు బాంబులు వేసింది అందుకే. 1942లో జర్మన్ సేనాని రొమ్మెల్ ఈజిప్టు దాకా వచ్చినప్పుడు, పాలస్తీనా పడిపోతే కార్మెల్‌ని కోటలా మార్చుకుని అక్కడి నుంచి చివరిదాకా పోరాడాలని యూదు దళాలు పథకం వేసుకున్నాయి. ఈజిప్టులోని ఎల్ అలమేన్‌లో జర్మన్లు ఆగిపోవడంతో దాని అవసరం రాలేదు.

1948 ఏప్రిల్ 21, 22 తేదీల్లో హైఫా కోసం మళ్లీ పోరు జరిగింది. యూదుల పేటలు ఎక్కువగా కొండ వాలు మీద, అరబ్బుల పేటలు కింద రేవు పక్కన. బ్రిటిష్ దళాలు మధ్య నుంచి తప్పుకోగానే పైనున్నవాళ్లు ఒకటిన్నర రోజులోపే ఊరిని తీసుకున్నారు. వేలాది అరబ్బు కుటుంబాలు పడవల్లో, లారీల్లో ఊరు వదిలిపోయాయి. కొన్ని వేలమందే మిగిలారు. మన సవార్ల మీద మొదటి గుండ్లు పడిన బలద్ అల్ షేక్ పల్లె ప్రజలు కూడా ఆ నెలలోనే చెదిరిపోయారు. ఇప్పుడు అక్కడ నెషెర్ అనే పట్టణం ఉంది. పాత మ్యాపు పట్టుకుని వెళ్తే ఆ పేరు మీకు దొరకదు, నెషెర్ అని వెతకండి.

మీ ముత్తాతగారి గురించి

ఇంట్లో పాత మెడల్స్ ఉన్నాయేమో ముందు వెతకండి. నా దగ్గరికి ఇలా వచ్చిన కుటుంబాల్లో చాలామందికి పూజగదిలోనో, ఇనప్పెట్టెలోనో ఒక గుండ్రటి వెండి బిళ్ల దొరికింది. దాని విలువ వాళ్లకి తెలియదు. మొదటి ప్రపంచ యుద్ధం నాటి బ్రిటిష్ వార్ మెడల్, విక్టరీ మెడల్ రెండింటికీ అంచు మీద పేరు, హోదా, రెజిమెంట్ చిన్న అక్షరాల్లో చెక్కి ఉంటాయి. 1914-15 స్టార్ అనే నక్షత్రం ఆకారపు మెడల్‌కైతే వెనకవైపు ఉంటాయి. ఆ నక్షత్రం ఉంటే ఆయన 1915 ముగిసేలోపే యుద్ధరంగానికి చేరారని అర్థం. సూయజ్ రోజుల నుంచి ఉన్నారేమో అప్పుడు ఆలోచించవచ్చు.

కాగితాల కోసం హైదరాబాద్ తార్నాకలోని రాష్ట్ర ఆర్కైవ్స్‌కి వెళ్లండి. నిజాం కాలపు రికార్డులు ఎక్కువగా ఉర్దూ, పార్శీల్లో ఉంటాయి, కాబట్టి చదివేవాళ్లని తోడు తీసుకెళ్లండి. బ్రిగేడ్ రోజువారీ డైరీలు లండన్ నేషనల్ ఆర్కైవ్స్‌లో డబ్ల్యూఓ 95 (WO 95) అనే వరసలో ఉంటాయి. వాటిలో మామూలు సవార్ల పేర్లు అరుదు, ఏ రోజు ఏ స్క్వాడ్రన్ ఎక్కడుందో మాత్రం తెలుస్తుంది. యుద్ధంలో చనిపోయినవాళ్ల పేర్లు కామన్వెల్త్ వార్ గ్రేవ్స్ కమిషన్ వెబ్‌సైట్‌లో ఉచితంగా వెతకవచ్చు. పేరు ఇంగ్లిష్ స్పెల్లింగ్ నాలుగైదు రకాలుగా మార్చి చూడండి, అప్పటి గుమాస్తాలు చెవికి వినిపించినట్టు రాసుకున్నారు.

ఇజ్రాయెల్‌లో కేర్‌గివర్లుగా పనిచేస్తున్న మన తెలుగువాళ్లు చాలామంది ఉన్నారు. మీ బంధువులెవరైనా అక్కడ ఉంటే, హైఫాలోని భారతీయ సైనికుల శ్మశానవాటిక ఫొటోలు తీసి పంపమనండి. ఏటా సెప్టెంబర్‌లో అక్కడ నివాళి కార్యక్రమం కూడా జరుగుతుంది.

మెడల్ దొరికితే దయచేసి బ్రాసోతోనో, చింతపండుతోనో తోమకండి. అంచు మీది అక్షరాలు అరిగిపోతే మళ్లీ రావు. మెత్తటి పొడి గుడ్డతో దుమ్ము తుడిచి, కిటికీ దగ్గర పక్క వెలుతురులో అంచుని నాలుగు ముక్కలుగా ఫొటో తీసి పంపండి. రెజిమెంట్ పేరు చదివి చెప్తాను.